ఎవరూ అరవలేదు

మా ఆసుపత్రిలో కంప్యూటర్లు చూసే ఆయనకు 'అనుమానం గారు' అని పేరు పెట్టింది నేనే. తాళం వేసిన తలుపును మూడుసార్లు లాగి చూస్తే గానీ మెట్లు దిగరు. ఇరవై రెండేళ్లుగా అదే గది, అదే స్టూలు, ఎదుట తెరనిండా ఫైళ్లు. ఆ నిదానం చూస్తే నాకు ఒళ్లు మండుతుంది. కానీ ఆయన సరే అన్న కంప్యూటరు మళ్లీ మొరాయించడం నేనెరగను.

కిందటి నెల ఆఫీసు కంప్యూటర్లలో వైరస్ దూరింది. దాంతో పైవాళ్లు హుకుం జారీ చేశారు. ఎక్కడిదో తెలియని ఫైలు ఒక్కటి కూడా ఉండకూడదు, శుక్రవారం సాయంత్రానికల్లా చెరిపేసి జాబితా ఇవ్వాలి. చిక్కంతా ఉమ్మడి ఫైళ్లతోనే వచ్చింది. అపార్ట్‌మెంటులో అందరూ వాడుకునే నిచ్చెనలాంటివి అవి. పది ప్రోగ్రాములు వాడుకుంటాయి, నాదంటూ ఒక్కటీ ముందుకు రాదు. ఏ కంపెనీది, ఎప్పుడొచ్చింది, ఏ ప్రోగ్రాము పిలుస్తోంది అని ఆయన ఒక్కొక్కదాన్నీ తరచి చూసి మూడు వరసల్లో రాసుకున్నారు: మనవి, పరాయివి, దిక్కులేనివి.

నెలలు తక్కువై పుట్టిన పిల్లల వార్డు నాది. ఎనిమిదిమంది పసివాళ్ల ప్రాణం మా బల్లమీది తెరలో అంకెలుగా కనిపిస్తుంది. ఆ కంప్యూటరులోనే ఒక ఫైలు కొరకరాని కొయ్య అయి కూర్చుంది. కంపెనీ పేరు లేదు, ఏ ప్రోగ్రామూ దాన్ని పిలుస్తున్న జాడ లేదు.

అలాంటప్పుడు ఆ వృత్తిలో ఒక పాత పద్ధతి ఉంది. ఫైలును చెరపకుండా పేరు మార్చి పక్కన పెడతారు, కంప్యూటరు ఆపి మళ్లీ వేస్తారు, ఎవరు అరుస్తారో అని కాచుకుంటారు. ఎవరూ అరవకపోతే అది ఎవరికీ అక్కర్లేనిదని లెక్క.

శుక్రవారం ఉదయం పదింటికి అదే చేశారు. తెర వెలిగింది, అంకెలన్నీ వచ్చాయి. అయినా కదలరే!

"ఇంక వెళ్లండి సార్, మా కాళ్లకు అడ్డం," అని నేనే తరిమాను.

పన్నెండున్నరకు ఫోన్ చేశారు. "ఏమైనా ఇబ్బందా సిస్టర్? లేదంటే ఆ ఫైలు చెరిపేస్తాను."

"ఇబ్బందా! ఇవాళ వార్డు ఎంత హాయిగా ఉందో. రోజూ గంటకు పదిసార్లు అనవసరంగా మోగి ప్రాణం తీస్తుందా ఆ పెట్టె, పొద్దుట్నుంచి ఒక్క కూత లేదు!"

ఆ వెంటనే, ఎన్నడూ గొంతెత్తని మనిషి, నా చెవి పగిలేలా అరిచారు. "తెర చూడండి! ముందు తెర చూడండి సిస్టర్!"

మందుల అలమర వైపు తిరిగి ఉన్న నేను గిరుక్కున వెనక్కి తిరిగాను. మూడో పాప ఆక్సిజన్ అంకె ఎర్రబడి పడిపోతోంది. అరవై ఎనిమిది. అరవై ఒకటి. చప్పుడు మాత్రం లేదు. నెలలు నిండని పిల్లలు ఒక్కోసారి ఊపిరి తీయడమే మరిచిపోతారు, అంకె పడిపోగానే ఆ పెట్టె గంట మోగిస్తుంది, మేం పరుగెత్తి తడతాం. ఫోన్ వదిలేసి ఉరికాను. అరికాలు తట్టాను, వీపు రుద్దాను. నా జన్మలో అంత భయం ఎరగను. మూడోసారి రుద్దాక పాప ఒళ్లు విరిచి, సన్నగా ఏడ్చింది.

ఆయన రొప్పుతూ వచ్చి ఫైలుకు పాత పేరు పెట్టి, కంప్యూటరు మళ్లీ వేశారు. పరీక్షగా, పాప కాలికున్న ఆక్సిజన్ కొలిచే తీగ ఒక్క క్షణం ఊడదీశాను. గంట మోగింది. ఆ ఫైలుకున్న పని అదొక్కటే. అరవాల్సినదాన్నే పక్కన పెట్టి ఎవరూ అరవలేదనుకున్నాం. ఆయన్ని ఏమని అనను? ఆ నిశ్శబ్దానికి మురిసిపోయింది నేనే కదా.

ఫోన్ సంగతి విని పాప తల్లి వచ్చి ఆయన చేతులు పట్టుకుంది. మూడు రోజులుగా ఆమెకు కునుకు లేదు. "మీరు ఫోన్ చెయ్యకపోతే నా బిడ్డ దక్కేది కాదన్నా."

ఆయన నోరు తెరవబోతే, ఊరుకోండి అన్నట్టు వెనక నుంచి చొక్కా లాగాను. వింటేనా!

"గంట ఆగిపోయింది నావల్లేనమ్మా. పనికిరాని ఫైలనుకుని తీసింది నేనే."

ఆమె చేతులు వదిలేసింది. ఆయన్నీ తెరనూ మార్చి మార్చి చూసింది.

"ఇప్పుడు మోగుతుందా?"

"మోగుతుందమ్మా. చూశాం."

"నాకు నమ్మకం లేదు." తన కుర్చీ లాక్కొచ్చి తెరకెదురుగా వేసింది. "కూర్చోండి. మా ఆయన వచ్చేదాకా దీని మీంచి కన్ను తియ్యకండి. నేను కాస్త పడుకుంటాను."

ఆయన కూర్చున్నారు. ఆమె పాప పక్కనే గోడకు ఆనుకుని రెండు నిమిషాల్లో నిద్రపోయింది. జాబితా ఏదని పైనుంచి రెండుసార్లు ఫోన్ వచ్చింది. రెండుసార్లూ నేనే ఎత్తాను. ఆయన తల కూడా తిప్పలేదు.