ప్రొజెక్టర్ కింది పుస్తకం

అమీర్‌పేటలో టీచర్ ఉద్యోగ పరీక్షలకు కోచింగ్ ఇస్తుంటాను. పిల్లలు ఎలా నేర్చుకుంటారో చెప్పే మంచి పుస్తకమొకటి, క్లాసులో అందరూ చదువుతారని మొన్న కొనిచ్చాను. ఈ రోజు చూస్తే అది ప్రొజెక్టర్ కింద, ఎత్తు కోసం పెట్టి ఉంది. ఒళ్లు మండి లాగేశాను. తెర మీది ప్రశ్న కాస్తా కిందికి, గోడ మీదికి జారిపోయింది.

“సార్, జర ఆ బుక్కు మళ్ల పెట్టుండ్రి, ఏం కనబడ్తలేదు,” అంది ముందు బెంచీ అమ్మాయి.

“మీలో ఎవరైనా దీన్ని చదివారా?” అన్నాను.

“దాంట్లకెల్లి పరీక్షల బిట్లు రావు గద సార్!”

పుస్తకాన్ని తిరిగి ప్రొజెక్టర్ కింద పెట్టేశాను. ప్రశ్న మళ్లీ తెర మీదికి వచ్చింది: పిల్లలకు చదివే అలవాటు నేర్పాల్సింది ఎవరు?

“టీచర్!” అని హాలంతా ఒక్క గొంతుతో అరిచింది. కరెక్టే, అందరికీ ఒక మార్కు.

ఇంతకీ మీ పిల్లలు ఏ బడిలో చదువుతున్నారు?