కుడికాలు ముందు

మా పెళ్ళికి వచ్చినవాళ్ళందరూ నన్ను పొగిడారు. "ఎంత గొప్ప మనసమ్మా నీది" అని ఒకరు, "ఈ కాలంలో ఇలాంటి పిల్ల ఉందంటే నమ్మలేం" అని ఇంకొకరు. నాకు ఒళ్ళు మండిపోయింది. పెళ్ళికూతుర్ని చూసి ఎవరైనా కాస్త కుళ్ళుకోవాలి గానీ, ఇలా దండాలు పెట్టేస్తారా?

నేను సింగపూర్ వచ్చింది ఐటీ మంచి ఊపు మీదున్న రోజుల్లో. రెండు వేల సంవత్సరం వస్తే కంప్యూటర్లన్నీ తలకిందులవుతాయని లోకమంతా భయపడుతుంటే, ఆ భయం పుణ్యమా అని మాబోటివాళ్ళకు ఉద్యోగాలు దొరికాయి. మా ఆయన తువాస్‌లో ఓడలు బాగుచేసే యార్డులో ఇంజనీరు. సంబంధం కుదిర్చింది బూన్ లేలో ఎన్నో ఏళ్ళుగా ఉంటున్న ఒక తెలుగు ఆంటీ. తాంబూలాలు ఆవిడ ఇంట్లోనే మార్చుకున్నాం. ఆ తర్వాత ఆదివారాలు అక్కడే కలుసుకునేవాళ్ళం. ఆయన తక్కువ మాట్లాడేవారు, ఆ లోటు నేను తీర్చేదాన్ని. నన్ను నవ్వించాలని ఎప్పుడూ ప్రయత్నించేవారు కాదు. అయినా నేను నవ్వకుండా వెనక్కి వచ్చిన ఆదివారం లేదు.

ముహూర్తం దగ్గరపడుతుండగా యార్డులో పరంజా మీద నుంచి పడ్డారు. ప్రాణం దక్కింది. నడుము కింద స్పర్శ పోయింది, ఇక నడవడం కుదరదని డాక్టర్లు తేల్చి చెప్పారు.

కాస్త కూర్చోగలిగాక ఆయన చేసిన మొదటి పని, నేను తొడిగిన నిశ్చితార్థం ఉంగరాన్ని ఆంటీ చేత నాకు వెనక్కి పంపడం. పద్ధతి తప్పకుండా పళ్ళెంలో తమలపాకులు కూడా పెట్టించారు. మనిషే అంత. నాకు ఏడుపూ కోపమూ ఒకేసారి వచ్చాయి, కోపం ముందు బయటపడింది. ఆ పళ్ళెం పట్టుకునే బస్సెక్కి ఆస్పత్రికి వెళ్ళాను.

"ఎందుకు పంపారు?" అన్నాను.

"జాలిపడి చేసుకుంటే పదేళ్ళకి విసుగొచ్చేస్తుంది నీకు."

"పదేళ్ళ దాకా ఎందుకండీ, ఇప్పుడే వస్తోంది. మీ కాళ్ళ వల్ల కాదు, మీ మాటల వల్ల."

ఆయన పళ్ళెంలో తమలపాకులు సర్దారు, ఉంగరం జోలికి మాత్రం పోలేదు. నాకు నిజంగా భయమేసింది. ఈ మనిషి వద్దంటే వద్దనే రకం.

"అయితే ఒక్క మాటివ్వు" అన్నారు చివరికి. "నేను అడిగితే తప్ప నన్ను ఎవరూ ఎత్తకూడదు. నువ్వు కూడా."

ఇచ్చాను. ఉంగరం ఆయనే తీసి వేలికి పెట్టుకున్నారు.

ఆ రోజుల్లో పాత అపార్ట్‌మెంటు బ్లాకుల్లో లిఫ్టు అన్ని అంతస్తుల్లోనూ ఆగేది కాదు. సెలవు దొరికినప్పుడల్లా చెప్పులరిగేలా తిరిగి, ఆంగ్ మో కియోలో లిఫ్టు ఆగే అంతస్తులోనే ఒక అద్దె ఫ్లాటు పట్టాను. దాని గుమ్మానికి ఒక మెట్టు ఉంది. మెట్టు మీదుగా చక్రాల కుర్చీ ఎక్కడానికి ఏటవాలు పలక ఒకటి కావాలి. కొలతలతో సహా ఆయనే బొమ్మ గీసిచ్చి చేయించారు.

గుళ్ళో పెళ్ళయ్యాక అందరం ఆ ఫ్లాటుకు వచ్చాం. కారిడార్ నిండా మనుషులు. ఆంటీ హారతి పట్టుకుని గుమ్మంలో నిలబడింది. ఎన్ని కొత్త జంటల్ని లోపలికి పిలిచిన నోరో అది, అలవాటు కొద్దీ అనేసింది.

"కుడికాలు ముందు పెట్టి రా నాయనా."

ఆంటీ మొహం పాలిపోయింది. నా ఆఫీసు స్నేహితులిద్దరు గభాలున కుర్చీ ఎత్తబోయారు. "ఆగండి" అన్నాను. గట్టిగానే అన్నట్టున్నాను, ఇద్దరూ వెనక్కి తగ్గారు. మాటైతే నిలబెట్టుకున్నాను గానీ భయం పట్టుకుంది. ఇంతమందిలో ఆయన చిన్నబుచ్చుకుని, మళ్ళీ ఆ ఆస్పత్రి మనిషిలా మారిపోతే, ఈసారి కోప్పడి గెలవలేను.

ఆయన తొందరపడలేదు. పలక మీదుగా కుర్చీని గడప దాకా తోసుకెళ్ళి బ్రేకు వేశారు. ముందుకు వంగి, కుడికాలిని రెండు చేతులతో పైకెత్తి, గడప దాటించి లోపల నేల మీద పెట్టారు. పాదం సరిగ్గా ఆనిందో లేదో వంగి చూసుకున్నారు, కాలికి స్పర్శ తెలియదు కదా మరి. పట్టుపంచె కుచ్చిళ్ళు సర్దుకున్నారు.

"పెట్టాను ఆంటీ" అన్నారు. "మిగతా నేనంతా చక్రాల మీద వస్తాను."

ముందు నవ్వింది ఆంటీయే. తర్వాత కారిడార్ అంతా నవ్వింది. ఆయన పక్కనే నేనూ నా కుడికాలు పెట్టి లోపలికి నడిచాను. అంత గర్వం నాకు అంతకుముందు ఏ ఉద్యోగమూ, ఏ చదువూ ఇవ్వలేదు.

హారతి పళ్ళెం దించాక ఆంటీ నన్ను వంటింట్లోకి లాగింది. నన్ను పొగుడుతుందేమోనని పళ్ళు బిగించుకున్నాను. ఆవిడ పైటతో కళ్ళు తుడుచుకుని, ఎవరూ వినకుండా అంది.

"మంచి మొగుణ్ణే కొట్టేశావే పిల్లా. మా అమ్మాయికి ఎంత వెతికినా ఇలాంటోడు దొరకలేదు."

పెళ్ళికూతుర్ని అయ్యానని నాకు అప్పుడు అనిపించింది.