అవ్వ విత్తనం మిరపకాయలు

కొత్త చెప్పుల పెట్టెలో దొరికిన తెల్ల పొట్లం ఊపుతూ, "డెసికెంట్ అని రాసుండాది, ఏందమ్మా ఇది?" అంది మా పాప. ఫోన్‌లో వెతికాను. 'డెసికేట్' అనే క్రియ నుంచి వచ్చిందట. ఆ క్రియ లాటిన్‌లో పుట్టిందట, తడి అన్నదే మిగలకుండా పూర్తిగా ఎండబెట్టడమట.

పొట్లం గలగలమంది. దాన్ని తీసుకుని చెవి దగ్గర ఊపాను.

మోక ఊరి పక్కన పెరిగినోళ్ళారా, గుర్తుందా? విత్తనానికి ఏరిన మిరపకాయలను నీడలోనే ఆరబోసేవాళ్ళు. మా అవ్వ రోజూ ఒక కాయను చెవి దగ్గర ఊపి, గింజలు గలగలమంటేనే ఆరినట్టు లెక్క అనేది. ఊళ్ళో ఎవరు నారు పోసినా, చెయ్యి మంచిదని తొలి గింజ అవ్వతోనే వేయించేవాళ్ళు.

నా చిన్నప్పుడు ఒక ఏడు మోడం పట్టి, మబ్బు వీడక కాయలు ఆరలేదు. అవ్వ దిగులు చూడలేక, ఆమె చేనికి పోయినప్పుడు వాటిని సన్న సెగ మీద పెనంలో ఎండబెట్టాను. సాయంత్రం ఊపి చూసి, "ఆరినాయి పాపా!" అని మురిసిపోయింది.

నారుమడిలో ఒక్క మొలకా రాలేదు.

"నా చెయ్యి సచ్చిపోయింది పాపా" అంది అవ్వ. ఆ తర్వాత ఎవరు పిలిచినా విత్తనం ముట్టలేదు.

అవ్వ పోయేదాకా నేను నిజం చెప్పలేదు.