పండుగప్పకి ఎనిమిది గళ్ళు

ఆ రోజుల్లో నాకొక గట్టి నమ్మకం ఉండేది. ఏ వస్తువునైనా విప్పి లోపల చూసేస్తే అది మనకి అర్థమైపోయినట్టేనని. అప్పుడు నాకు ఇరవై రెండేళ్ళు. డిగ్రీ అయిపోయి అమలాపురంలో ఒక కంప్యూటర్ సెంటర్లో పాఠాలు చెబుతుండేదాన్ని. పాఠాలంటే పెద్దవేం కాదు, ఉత్తరం టైపు చెయ్యడం, దాన్ని దాచుకోవడం, దాచుకున్నది ఎక్కడుందో వెతుక్కోవడం (ఈ మూడోదానికే ఎక్కువ రోజులు పట్టేది). అయినా సాయంత్రం మురమళ్ళలో బస్సు దిగి నడిచొస్తుంటే "సిస్టం మేడమ్ గారు వచ్చేరండోయ్" అని అరుగుల మీదవాళ్ళు అనేవారు. అందులో వేళాకోళం పాలు ఎంతుందో అప్పట్లో నాకు తెలిసేది కాదు. మర్యాదే అనుకుని తల కొంచెం పైకెత్తి నడిచేదాన్ని.

ఆ ఏడే మా బాబాయి కువైట్ నించి వచ్చేసేరు. పదహారేళ్ళు నీళ్ళ ట్యాంకరు నడిపి, నడుం నొప్పి పట్టుకుని, ఇంక చాలని వచ్చేసేరు. అందరికీ దుప్పట్లూ సెంటు సీసాలూ తెచ్చి, తనకోసం మాత్రం ఒకటే వస్తువు తెచ్చుకున్నారు. రెండు చేతుల్తో పట్టుకుని ఆడే గేమ్ మిషన్. కళ్ళజోడు పెట్టె కంటే కొంచెం పెద్దది, మధ్యలో తెర, అటూ ఇటూ మీటలు. అందులో ఆయన ఆడేది ఒకటే ఆట. ఒక పడవ, ఒక సముద్రం, ఒక గాలం. పొద్దున్న కాఫీ తాగి వరండాలో కుర్చీ వేసుకుని గాలం వేసేరంటే మళ్ళీ భోజనానికే లేచేది. "గోదావరి పక్కనుంచుకుని ఇంట్లోకి ఒక చేప తెమ్మంటే కాళ్ళు రావు గానీ, ఆ డబ్బాలో చేపలకి మాత్రం రోజంతా కాపలా" అని మా పిన్ని సణిగేది. "ఆయ్, తెస్తాలే" అనేవారు బాబాయి, తల ఎత్తకుండా.

ఆ ఆటలో ఒక పట్టీ ఉండేది. ఎవరు ఎంత బరువు చేప పట్టేరో పేర్లతో సహా వరసగా చూపిస్తుంది, పెద్దది పైన. అందులో పది వరసలుంటే తొమ్మిది బాబాయివే. అన్నిటికన్నా పైది మాత్రం, అరవై రెండు కిలోలది, మేస్త్రి పేరు మీద ఉంది. మేస్త్రి అంటే కువైట్లో ఆయన గదిలో ఉండే రాజోలు మనిషి, క్యాంపులో వంట మేస్త్రి. ఎవరో తమ దేశం వెళ్ళిపోతూ ఇచ్చేసిన ఆ మిషన్‌ని ఇద్దరూ వంతులేసుకుని ఆడేవారట.

"ఆ చేప నాదమ్మాయ్," అనేవారు బాబాయి ఎప్పుడూ. "గాలానికి పడింది నా చేతిలో. ఈలోపు నాకు ఫోనొచ్చింది. ఒక్క నిమిషం పట్టుకోండని వాడి చేతికిచ్చి బయటికెళ్ళేను. తిరిగొచ్చేసరికి చేపా వాడిదే, పేరూ వాడిదే!"

అంతటితో ఇద్దరికీ మాటలు పోయేయట. మా వైపు వాళ్ళ పోట్లాట కూడా మర్యాదగానే ఉంటుంది కదా. ఒకే గదిలో పది నెలలు "లైటు ఆర్పుతానండీ," "ఆయ్, ఆర్పండి" తప్ప ఇంకో మాట లేకుండా గడిపేరట. తరవాత మేస్త్రి రాజోలు వచ్చేసేడు. మిషన్ బాబాయి దగ్గర ఉండిపోయింది.

ఒక ఆదివారం బాబాయి ఆడుతూ ఆడుతూ చేప తప్పించుకుపోతే విసుక్కున్నారు. "చూడమ్మాయ్, చేప పోయినప్పుడల్లా వీడు ఇంగ్లీషులో వెక్కిరిస్తాడు. సిస్టం మేడమ్‌వి కదా, వీడి చేత తెలుగు మాట్లాడించలేవూ?"

"అదెంత పని బాబాయ్!" అన్నాను. (ఎంత పనో నాకు అణువంతైనా తెలీదు.)

మర్నాడు ఆ మిషన్లో ఉండే చిన్న మెమరీ కార్డుని రుమాల్లో చుట్టి సెంటర్‌కి తీసుకెళ్ళేను. మధ్యాహ్నం బ్యాచ్‌లు లేని వేళ మొదలుపెట్టేను. ఆట మొత్తం ఒకే పెద్ద మూటలాగా ఉంది. విదేశాల్లో ఎవరో ఇలాంటి పిచ్చి ఉన్నవాళ్ళు నెట్లో పెట్టిన చిన్న ప్రోగ్రాంతో ఆ మూట విప్పితే లోపల ఇంకో మూట. దాన్నీ విప్పేసరికి నాలుగు వేల పైచిలుకు ఫైళ్ళు బయటికి కురిసేయి. ఒక్కదానికీ పేరు లేదు, అన్నీ అంకెలే. ఒకటి తెరిస్తే తెర నిండా గళ్ళూ గీతలూ, చీమలు సిరాలో పడి పరుగెత్తినట్టు. సెంటర్ నడిపే మా సార్ వెనకనించి చూసి "సిస్టం పాడైందా అమ్మా?" అన్నారు కంగారుగా. "లేదు సార్, రీసెర్చి" అన్నాను. ఆయన ఎంత నమ్మకంగా తలాడించి వెళ్ళిపోయేరంటే, నాకే భయం వేసింది.

నాలుగు రోజులు వెతికితే దొరికింది. ఆ చీమల మధ్యలో ఒకచోట చక్కగా చదవగలిగే మాటలు, ఆటలో కనబడే ప్రతి మాటా, ప్రతి చేప పేరూ. నిజం చెప్తున్నాను, ఆ తరవాత జీతాలొచ్చినా పదవులొచ్చినా అంత సంతోషం నాకు మళ్ళీ కలగలేదు. వెంటనే 'టూ బ్యాడ్' తీసేసి 'అయ్యో, చేప పోయింది బాబాయ్' అని పెట్టేను. ఆ ఆటలో తెలుగు అక్షరాలు లేవు గనక ఇంగ్లీషు అక్షరాల్లోనే తెలుగు. (బాబాయి కువైట్ రోడ్ల మీద బోర్డులు చదివిన మనిషి, పెద్దబడి, అంటే క్యాపిటల్, అక్షరాలైతే కూడబలుక్కుని చదివేస్తారు.) మళ్ళీ మూట కట్టి, మిషన్లో పెట్టి చూస్తే తెర నల్లగా ఉండిపోయింది.

కారణం తెలుసుకోడానికి ఇంకో వారం. ఒక్కో మాటకీ లోపల ఇన్ని గళ్ళని లెక్క ఉంటుందట. ఉన్న మాటకి ఎన్ని అక్షరాలో కొత్త మాటకీ అన్నే ఉండాలి. ఒక్కటి ఎక్కువైనా పక్కవాళ్ళ గడిలోకి పొర్లి ఆట ఆగిపోతుంది. ఇంక నా పాట్లు చూడాలి. అమలాపురం బస్సులో కిటికీ పక్కన కూర్చుని వేళ్ళ మీద అక్షరాలు లెక్కపెట్టుకునేదాన్ని. జపం అనుకుని ఒక ముసలమ్మ గారు నాకోసం సీట్లో కొంచెం జరిగి కూర్చున్నారు కూడా. 'టూ బ్యాడ్' మధ్య ఖాళీతో, చివర ఆశ్చర్యార్థకంతో ఎనిమిది గళ్ళు. 'పోయింది' కూడా ఆశ్చర్యార్థకంతో కలిపి సరిగ్గా ఎనిమిది! చేప పడినప్పుడు మెచ్చుకునే మాటకి పదకొండు గళ్ళు, అందులో 'పడిందండీ' దిట్టంగా సరిపోయింది. సాల్మన్ అనే చేపకి ఆరు, పులసకీ ఆరే. బాబాయికి చెబితే "ఆ సాల్మనూ మన పులసలాగే ఏటికి ఎదురీదేదేనటమ్మా, బాగా కుదిరింది" అని మురిసిపోయేరు. ఎటొచ్చీ పండుగప్ప దగ్గరే చిక్కొచ్చింది. పండుగప్పని ఇంగ్లీషులో అనే 'సీ బాస్'కి మధ్య ఖాళీతో కలిపి ఉన్నవి ఎనిమిదే గళ్ళు, పండుగప్పకి పది కావాలి. 'పండుగప్' దాకా వచ్చి ఆగిపోయింది.

"చివర 'ప' ఏదమ్మాయ్?" అన్నారు బాబాయి.

"చోటు లేదు బాబాయ్."

"అంత సముద్రంలో రెండక్షరాలకి చోటు లేదా? తోక కోసేసినట్టుంది. సర్దవూ?"

ఆ మొహం చూసి కాదనలేకపోయేను. సర్దేస్తానన్నాను, ఈసారి మిషన్‌ని కూడా సెంటర్‌కి పట్టుకెళ్ళేను.

సరిగ్గా ఆ వారంలోనే సెంటర్లో కంప్యూటర్లన్నిటికీ వైరస్ పట్టింది. ఎవరి పెన్‌డ్రైవ్‌లోంచో వచ్చి మా మెమరీ కార్డులోకి కూడా దూరింది. నేను పాఠాల్లో చెప్పేదే చేసేను, ముఖ్యమైనది వేరే చోటికి తీసి పెట్టుకుని కార్డు మొత్తం తుడిచెయ్యడం. ముఖ్యమైనది ఏమిటి? నేను రాసిన తెలుగు. అది భద్రంగా తీసేను. పక్కన ఇంకేదో చిన్న ఫోల్డరుంది, ముష్టి కొన్ని అక్షరాలు. చెత్త అనుకున్నాను. తుడిచేసేను. పక్కన ఖాళీగా కనబడిన రెండు గళ్ళు చూసుకుని పండుగప్పకి ఆ రెండక్షరాలు తగిలించి, మూట కట్టి, కార్డులో పెట్టి, ఆట మొదలుపెట్టి చూద్దును కదా, పట్టీలో బాబాయి లేరు, మేస్త్రీ లేడు. ఎవరో ఊరూ పేరూ తెలీని పదిమంది దొరలున్నారు. ఆటతోపాటు వచ్చే మొదటి పేర్లన్నమాట.

ఆ చిన్న ఫోల్డరే బాబాయి రెండేళ్ళ వేట. అప్పుడైనా నిజం చెప్పేస్తే పోయేది. కానీ మూటలు విప్పడం వచ్చిన మనిషిని కదా! ఆ దొరల పేర్లు కూడా ఎక్కడో ఫైల్లో ఉంటాయిగా, అవి మారిస్తే ఎవరికి తెలుస్తుందనుకున్నాను. అందరికన్నా పైనున్న దొర పేరు చెరిపి మేస్త్రి పేరు రాసేను. బరువు అరవై రెండు. మిగతా తొమ్మిదీ మార్చేలోపు బాబాయే బస్సెక్కి సెంటర్‌కి వచ్చేసేరు. ఆయనకి ఆగడం చేతకాలేదు మరి.

మొదటి అయిదు నిమిషాలు పండగే. చేప తప్పించుకుంది, 'పోయింది!' అని తెర మీద పడింది. బాబాయి కుర్చీలో వెనక్కి వాలి పెద్దగా నవ్వేరు. తరవాత పట్టీ తెరిచేరు. కూడబలుక్కుని చదివేరు. నవ్వు కొంచెం కొంచెంగా ఆగిపోయింది.

"అమ్మాయ్, ఈ టోనీ ఎవడు?"

నేను కీబోర్డు మీద దుమ్ము తుడవడం మొదలుపెట్టేను.

"మేస్త్రి ఉన్నాడు. మరి నేనెక్కడ?"

అప్పుడు చెప్పేసేను. ఏడుస్తూ, ముక్కు తుడుచుకుంటూ, వైరస్ దగ్గరనించి టోనీ దాకా అంతా. చివర్న తెలివి తక్కువగా "పైన మీ పేరే రాసెయ్యమంటారా బాబాయ్? అరవై రెండు కాదు, డెబ్భై అయినా రాస్తాను" అన్నాను.

ఆయన మిషన్ ఆపి జేబులో పెట్టుకున్నారు. "వద్దమ్మా" అన్నారు అంతే. తిట్టలేదు. తిడితే బాగుండేదని ఇంటికెళ్ళేదాకా అనుకుంటూనే ఉన్నాను.

మూడు రోజులు ఆ మిషన్ ముట్టుకోలేదు. పిన్నికి కూడా దిగులు పట్టుకుంది, సణగడానికి ఏమీ దొరక్క. నాలుగో రోజు నన్ను పిలిచి, "రాజోలు వెళ్దాం, వస్తావా? ఆ చేప ఇంక లేదని వాడికి చెప్పాలి కదా. ఎంతైనా వాడి చేత్తో లాగేడు" అన్నారు.

మేస్త్రి గారి ఇల్లు కాలవ గట్టు పక్కన. మేం వెళ్ళేసరికి ఆయన చర్చిలో విందుకోసం పెద్ద డేగిశాలు తోమిస్తున్నారు. బాబాయిని చూసి చేతులు తుడుచుకుంటూ వచ్చేరు. "రండి డ్రైవర్ గారూ, రండి. నడుం ఎలా ఉందండీ?" "ఆయ్, ఉందండీ." కుర్చీలు వేసేరు. టీ వచ్చింది. ఇద్దరూ టీ వైపే చూస్తూ కూర్చున్నారు. ఇంక ఆగలేక, జరిగిందంతా మళ్ళీ నేనే చెప్పేను.

మేస్త్రి గారు శ్రద్ధగా విని, "పోతే పోయిందిలెండి అమ్మా. ఆ చేప మీ బాబాయి గారిదే," అన్నారు.

బాబాయి తలెత్తేరు. "మరి ఆ వేళ పేరెందుకు రాసుకున్నారండీ?"

మేస్త్రి గారు కాసేపు గ్లాసు అటూ ఇటూ తిప్పేరు. "ఆ వేళ మీకొచ్చిన ఫోను, మీ నాన్నగారు పోయేరని. వరండాలో మీ మాటలు వినబడుతూనే ఉన్నాయి. ఇంతలో మీరు లోపలికొచ్చి, కళ్ళనీళ్ళు లేవు ఏమీ లేవు, 'చేప ఏదండీ' అనడిగేరు. నాకు ఏం మాట్లాడాలో తోచలేదండీ. 'నా పేరు రాసేసుకున్నానండోయ్' అన్నాను. మీరు తిడతారు, తరవాత నవ్వుతారు, ఆ తరవాత ఏడుస్తారు అనుకున్నాను. మీరు తిట్టడం దగ్గరే ఆగిపోయేరు."

తాతయ్య పోయినప్పుడు మా నాన్న చెబుతుంటే కువైట్ నంబరు నొక్కింది నేనే. అటువైపు ఫోనెత్తిన మనిషి చేతిలో అంతకు ముందు క్షణం ఏముందో నేనెప్పుడూ ఆలోచించలేదు.

బాబాయి జేబులోంచి మిషన్ తీసి మేస్త్రి గారి చేతికిచ్చేరు. "వెయ్యండి ఒకసారి. తెలుగు మాట్లాడుతుంది."

ఆయన కళ్ళజోడు పెట్టుకుని గాలం వేసేరు. కాసేపటికి గాలం బరువెక్కింది. "లాగండి, లాగండి! అటు కాదండీ బాబూ!" అని బాబాయి కుర్చీలోంచి లేచి నిలబడ్డారు, నడుం సంగతి మరిచిపోయి. చేప నీళ్ళమీదికి వచ్చింది. తెర మీద 'పండుగప్ప' అని పూర్తిగా, తోకతో సహా పడింది. అంతే, ఆట బిగుసుకుపోయింది. పడవ, కెరటం, చేప ఎక్కడివక్కడ. ఏ మీట నొక్కినా కదల్లేదు. నాలుగు కళ్ళు నా వైపు తిరిగేయి.

"ఆ రెండక్షరాలూ పట్టలేదండీ" అన్నాను నీరసంగా.

ముందు నవ్వింది మేస్త్రి గారు. తరవాత బాబాయి. నవ్వుతూ నవ్వుతూనే తుండుగుడ్డ మొహానికి అడ్డం పెట్టుకుని, చాలాసేపు తియ్యలేదు. మేస్త్రి గారు నాకు కళ్ళతో సైగ చేసి, డేగిశాలు చూపించే నెపంతో నన్ను పెరట్లోకి తీసుకుపోయేరు.

తిరుగు బస్సులో, బోడసకుర్రు వంతెన ఎక్కినదగ్గర్నించి ముమ్మిడివరం దాటేదాకా, బాబాయి తాతయ్య గురించి చెబుతూనే ఉన్నారు. ఇంటికొచ్చిన ఇన్నాళ్ళలో ఆయన ఆ మాటెత్తడం అదే మొదటిసారి. నేను మధ్యలో "ఆఁ, ఆఁ" అంటూ, మనసులో మాత్రం ఆ రెండక్షరాలని ఏ గడిలో సర్దాలా అని లెక్కలేసుకుంటూ కూర్చున్నాను. ఆ ఇరవై రెండేళ్ళ అమ్మాయిని తలుచుకుంటే ఇప్పుడు కోపం రాదు, జాలితో కూడిన నవ్వొకటి వస్తుంది. ఆయనకి అంత దగ్గర కూర్చుని, కిటికీలోంచి బయటికి చూస్తూ!

ఆయన చెప్పినవాటిలో ఒక్కటీ నాకు గుర్తులేదు. మొన్న ఊరెళ్ళినప్పుడు అడిగేను. "ఆ వేళ బస్సులో తాతయ్య గురించి ఏం చెప్పేరు బాబాయ్?"

"ఏ బస్సులోనమ్మా?" అన్నారు ఆయన.