ముస్తాక్ పొట్టేలు ఊరేగింపు

మార్కాపురంలో చెప్పుల దుకాణం నడిపే ముస్తాక్ అహ్మద్‌కు దేవుడు చేతులు రెండే ఇచ్చినా, నోరు మాత్రం నలుగురికి సరిపడా ఇచ్చాడు. బక్రీదు దగ్గరపడితే చాలు, వచ్చినవాడికల్లా చెప్పులు చూపించే ముందు నీతులు చెప్పేవాడు.

"పాలిచ్చేది, తోలిచ్చేది, బరువు మోసేది అంతా మూగజీవాలే గదా. వాటికి నీళ్లు పెట్టకుండా మనం తాగితే అల్లా అడగడా?"

మాట నిజమే. కాకపోతే అది ఆయన నోరు దాటి చేతిదాకా ఏనాడూ దిగలేదు.

ఈ ఏడు పండగకు ఊరి చివర జీవాలు మేపుకునే మౌలాబీ దగ్గర పొట్టేలును కొన్నాడు. ఆమె రెండేళ్లు చేత్తో తినిపించి పెంచిన పొట్టేలు అది. తాడు చేతికిస్తూ ఒక్కటే చెప్పింది.

"ఆటోలో తీసకపో తమ్ముడూ. ఎండపూట తారురోడ్డు మీద నడిపించబాక."

ఆటోలో పోతే చూసేదెవరు, నా మొహం! దాని మెడలో పూలదండ వేసి, స్కూటర్‌కు కట్టి, మిట్టమధ్యాహ్నం బజారంతా తిప్పాడు. ఇంత పొట్టేలును కొనే మొనగాడు ఇంకెవడున్నాడని అడిగాడు. టీ కొట్టు కనపడ్డచోటల్లా ఆగి, తను టీ తాగి ఫోటో దిగాడు. పొట్టేలుకు గుక్కెడు నీళ్లు పెట్టాలని తోచలేదు. మసీదు వీధి మలుపులో అది కూలబడింది. లేచాక ముందుకాలు నేల మీద మోపలేదు.

తెల్లారితే పండగ. పండగనాడు ఇచ్చే బలికి, ఖుర్బానీకి, కుంటి జీవం చెల్లదు. మసీదులోంచి నమాజు చదివించే హజ్రత్ వచ్చి కాలు పట్టి చూశారు.

"కొన్నాక కుంటిదైంది. కొన్నోడు పేదోడైతే ఇదే చెల్లుతాది. ఉన్నోడైతే ఇంకోటి తేవాల. నువ్వెవరివో నువ్వే చెప్పు నాయనా."

చుట్టూ బజారు జనమంతా ఉన్నారు. ముస్తాక్ తల దించుకుని గొణిగాడు.

"ఈ ఏడు యాపారం బాగలేదు హజ్రత్. నేనూ పేదోణ్ణే."

పొట్టేలు పడిందని విని పరుగున వచ్చిన మౌలాబీ చెవిన ఆ మాట పడింది. ఆమె ముందు పొట్టేలుకు నీళ్ల బకెట్ పెట్టింది. అది తల ఎత్తకుండా తాగుతుంటే ఆమెకు ఏడుపూ కోపమూ ఒక్కసారే వచ్చాయి.

"అట్లనా తమ్ముడూ? రేపు కూరలో పేదోళ్ల వాటా పంచేటప్పుడు నువ్వు గూడా గిన్నె తెచ్చుకో."

జనం పక్కున నవ్వారు. ముస్తాక్ మొహం మాడిపోయింది.

"నాకేం తక్కువ అక్కా, ఇంకోటి కొంటా. నీ దగ్గర ఉండాయా?"

"ఉండాయి" అంది మౌలాబీ, పొట్టేలు కాలు నిమురుతూ. "నీకియ్యను."