పుక్కిట్లో నీళ్లు

రియాద్‌లో గ్రైండింగ్ పని చేస్తూ, చెమటకు కళ్లద్దాలు మసకబారాయని ఒక్క నిమిషం తీశాను. ఆ నిమిషంలోనే ఇనుప రవ్వ ఎగిరి కుడికంట్లో పడింది. ఆస్పత్రిలో రవ్వ తీసి, గాయం మీద సన్నటి లెన్స్ పెట్టారు. అక్కడి నర్సమ్మ మన తెలుగామే.

"ఇది చూపు కోసం కాదన్నా, పుండు మీద పట్టీ అనుకో. నలపొద్దు, నీళ్లు తగలనియ్యొద్దు, నీ చేత్తో తియ్యొద్దు. చుక్కల మందు టైముకు వేసుకో" అంది.

రెండు రోజులు కాపాడుకున్నాను. మూడో రోజు నిద్రమత్తులో పంపు దగ్గర నిలబడ్డాను. చిన్నప్పుడు మా నాయన నేర్పిన అలవాటు ఒకటుంది: పుక్కిట నీళ్లు పట్టి, కళ్లు పెద్దగా తెరిచి నీళ్లు కొట్టుకోవడం. చేతులు వాటి పని అవి చేసేశాయి. రెండో దోసిలికి కన్ను భగ్గుమంది. చెంప తడిమితే చేప పొలుసులాంటిది వేలికి అంటుకుంది. కంట్లోని లెన్స్ ఊడొచ్చింది.

నాతో గదిలో ఉండే పక్క ఊరతను, వరసకు బావ, వచ్చి చూశాడు.

"ఏంది బావా, బుగ్గలు బూరెల లెక్క పెట్టి నిలబడ్డవ్?"

నీళ్లు ఊసి, వేలు చూపించాను. అతని నవ్వు ఆగిపోయింది.

"జల్ది కడిగి పెట్టుకో! గాలి తాకితే కన్ను పోతది."

కన్ను పోతే, నన్ను పనికి తెచ్చుకున్న కఫీల్ ఎగ్జిట్ కొట్టి ఇంటికి పంపేస్తాడు. ఒంటికన్నుతో గ్రైండర్ ఎవరిస్తారు? పంపు కింద కడిగాను. కంటి దాకా తెచ్చాను కూడా. నర్సమ్మ మాట గుర్తొచ్చి ఆగాను. తియ్యొద్దన్న మనిషి పెట్టుకోమంటుందా? దాన్ని అక్కడే వదిలేసి, కన్ను మూసుకుని టాక్సీ ఎక్కాను.

డాక్టరు మిషన్‌లోంచి కన్ను చూశాడు. జరిగింది చెప్తే నర్సమ్మ అడిగింది.

"పంపునీళ్లల్ల కడిగి లెన్స్ మళ్ల పెట్టుకున్నవా?"

"లేదమ్మా."

"మంచి పని చేసినవ్. ఆ నీళ్లల్ల పురుగుంటే పుండుల చేరి కన్నునే తింటది."

మంచి కన్ను మూసి, గోడ మీది మూడుకాళ్ల అక్షరాలు చూపించింది. కాళ్లు ఎటుంటే అటు వేలు చూపాలి. ముందు అంతా పొగే. రెప్ప కొట్టి కొట్టి చూస్తే పెద్ద అక్షరం తేలింది. వేలు ఎడమకు చూపించాను.

"ఇంకా కింది వరస" అంది ఆమె.

ఇంకో లెన్స్ పెట్టి పంపారు. ఎర్రబడినా, నొప్పి పెరిగినా, చూపు తగ్గినా వెంటనే రమ్మన్నారు. దాన్ని తీసేదాకా రోజూ పొద్దున బావే నా మొహం తడిగుడ్డతో తుడిచాడు. అప్పుడు నా రెండు చేతులూ తొడల కింద పెట్టుకుని కూర్చునేవాణ్ణి.