పడమటి వైపు కప్పు

మా మాస్టారు పోయారని ఆయన భార్య, అమ్మగారు, ఫోన్ చేసినప్పుడు నేను టెక్కలిలో మా ఆఫీసులో కూర్చుని పింఛను దరఖాస్తులు సరిచూస్తున్నాను. పొద్దున్న కాఫీ తాగి మళ్లీ పడుకున్నారనీ, ఇక లేవలేదనీ ఆవిడ నెమ్మదిగా చెప్పారు. దాచడం ఎందుకు, నాకు ముందు వచ్చింది ఏడుపు కాదు, ఊరట. వారానికి మూడుసార్లు డయాలసిస్ సూదులు పొడిపించుకున్న ఆ చేతికి ఇక సెలవు దొరికింది. రెండో ఊరట మాత్రం నా స్వార్థం. ఆయనకి చూపించాల్సిన కాగితం ఒకటి నాలుగు రోజుల ముందే చూపించేశాను. ఇంకో వారం నాన్చి ఉంటే, ఆయన గురించి ఈ నాలుగు మాటలు రాయడానికి నాకు మొహం చెల్లేది కాదు.

నేను ఆయన దగ్గరికి చదువుకోవడానికి వెళ్లలేదు. ఆయన చరిత్ర లెక్చరరుగా రిటైరై కాశీబుగ్గలో ఉండేవారు. ఏటా ఇవ్వాల్సిన జీవన ప్రమాణ పత్రం ఆ ఏడు ఇవ్వలేదు. పింఛను ఆగిపోతుందని, మా ఊరి దారిలోనే కదా అని, ఒక శనివారం మధ్యాహ్నం నేనే ఫారం పట్టుకెళ్లాను. అరుగు మీద ఏడెనిమిది మంది కూర్చుని ఉన్నారు. ఈయన గోడకి ఆనించిన నల్లబల్ల మీద పాత రోము రాజ్యం పటం గీస్తున్నారు. నన్ను చూసి, "నేను బతికే ఉన్నానని నీకు కనబడతంది కదమ్మా, రాసుకో. కూకో" అన్నారు. కూర్చున్నాను. ఆ కూర్చోవడం ఆరేళ్లు కూర్చున్నాను.

ఆయన చెప్పేది తొలి క్రైస్తవ గ్రంథాల చరిత్ర. ఏది ఎప్పుడు రాశారు, ఏ భాషలో రాశారు, అప్పుడు అక్కడ రాజ్యం ఎవరిది, పన్నులు ఎవరు గుంజేవారు, చేతి రాత ప్రతులు ఎలా తయారయ్యేవి, ఇలాంటివి. పుట్టింది అర్చకుల ఇంట్లో. అందుకని గుడి వైపు వాళ్లు ఈయన మతం మారిపోయాడని గుసగుసలాడారు. చర్చి వైపు వాళ్లు తప్పులు పట్టడానికి కూర్చున్నాడని అనుకున్నారు. రెండు వైపులా ఆయన ఒకటే జవాబు చెప్పేవారు. నేను దేవుణ్ణి చెప్పేవాణ్ణి కాదు, తేదీలు చెప్పేవాణ్ణి అని. నేను రాకముందే ఒక పాస్టరుగారు కాపలా కాయడానికన్నట్టు రెండు వారాలు వచ్చి, మూడో వారం నుంచి నోటుపుస్తకం తెచ్చుకున్నారు. మొదట ఆదివారం పెట్టిన క్లాసు శనివారానికి మారింది ఆయన కోసమే.

పాఠం పుస్తకాల భాషలోనే చెప్పినా, మాటల్లో పడితే మాస్టారికి మా వైపు యాస వచ్చేసేది. ఆ అరుగుకి అయిదు మెట్లు. దిగేటప్పుడు మూడో మెట్టు మూల విరిగిపోయి ఉండేది. సిమెంటు పెట్టించరు. విరిగిన చోట చుట్టూ సుద్దముక్కతో ఒక గీత గీసి ఉంచేవారు. వాన పడి చెరిగిపోతే మళ్లీ గీసేవారు. గుప్పెడు సిమెంటుతో పోయేదానికి ఇన్ని సుద్దముక్కలు తగలేస్తారా అని అమ్మగారు దెప్పేవారు. క్లాసు అయ్యాక ఒక్కొక్కరినీ పేరు పెట్టి పిలిచి మరీ మూడో మెట్టు సూసుకోమనేవారు. పాస్టరుగారికి అయితే రెండుసార్లు చెప్పేవారు.

నా సంగతి మొదలైంది ఉత్తరాల పాఠం రోజున. యేసు జీవితం చెప్పే సువార్తల కంటే తొలి క్రైస్తవ సంఘాలకు రాసిన ఉత్తరాలు ముందువని ఆయన చెబితే మాలో సగంమంది నమ్మలేదు. కొత్త నిబంధన అట్ట తెరిస్తే సువార్తలే కదా ముందు ఉంటాయి. బైండింగు వరస వేరు, పుట్టిన వరస వేరు అని నవ్వారాయన. ఆ ఉత్తరాలు మనకి రాసినవి కావు, వేరేవాళ్ల ఉత్తరం మనం చదువుతున్నాం, అవతలివాళ్లు ఏమడిగారో మన దగ్గర లేదు అన్నారు. తర్వాత, ఇక్కడ ఎవరైనా పరాయివాళ్ల ఉత్తరం చదివారా అని అడిగారు. నేను చెయ్యెత్తాను.

మాది అక్కుపల్లి, చేపల వేటకి వెళ్లే ఇల్లు. నా చిన్నప్పుడు మా మగవాళ్లు చాలామంది గుజరాత్ బోట్ల మీదికి పోయేవారు. అక్కణ్ణుంచి ఉత్తరాలు వచ్చేవి. మా వీధి ఆడవాళ్లలో చదవడం వచ్చింది నా ఒక్కదానికే. నాకు పదమూడేళ్లు. చేపలు ఎండేసే చోట ఇసకలో అందరూ కూర్చుంటే నేను నిలబడి పెద్దగా చదివేదాన్ని. ఉత్తరం ఒకరికి వచ్చినా వినేది అందరూ. మా మేనత్త మొగుడికి, అంటే మావయ్యకి, రాయడం రాదు. ఆయన చెబుతుంటే బోటులో చదువుకున్నవాడెవడో రాసేవాడు. ఇదంతా చెబితే మాస్టారి మొహం వెలిగిపోయింది. రెండు వేల ఏళ్ల కిందట ఆ సంఘాల్లో జరిగింది కూడా అచ్చం ఇదేనట. ఒకరు చెప్పారు, ఒకరు రాశారు, ఒకరు మోసుకొచ్చారు, ఒకరు నిలబడి చదివారు. "ఇన్ని పుస్తకాలు ఎందుకు తిరగేసేనో. మీ ఇసకలో కూకుంటే పోయేది" అన్నారు.

ఆ రోజు నేను చెప్పనిది ఒకటి ఉంది.

అది చెప్పడానికి ఇంకో పాఠం ఎదురు పడాల్సి వచ్చింది. నాలుగు సువార్తల్లో పాతదని పండితులు అనేదాని చివర గురించి ఆ పాఠం. యేసు సమాధి ఖాళీగా ఉందని చూసిన ఆడవాళ్లు భయపడి, వణుకుతూ, ఎవరితోనూ ఏమీ అనకుండా పారిపోయారు. దొరికిన పాత ప్రతుల్లో అక్కడితో అయిపోతుంది. తర్వాతి ప్రతుల్లో మాత్రం ఇంకొన్ని వాక్యాలు కనిపిస్తాయి. కథ అలా ఆగిపోవడం భరించలేక ఎవరో కలిపారని అంటారు. అయితే ఆ వాక్యాలు చింపేయమంటారా అని పాస్టరుగారు కాస్త కోపంగానే అడిగారు. మాస్టారు తల అడ్డంగా ఊపారు. "సింపకండి. అటూ ఇటూ గీతలెట్టి ఉంచండి. కలిపినోడు సెడ్డోడు కాదు. ఆగలేకపోయాడు, అంతే." ఆ మాట పాస్టరుగారికి చెప్పారు కానీ తగిలింది నాకు.

మావయ్య పంపిన ఆఖరి ఉత్తరం చదివింది నేనే. చేరాననీ, బోటు బాగుందనీ, పెద్ద వల ఎండలో వెయ్యొద్దనీ, వానలకి ముందే తమ్ముడి చేత పడమటి వైపు కప్పు తాటాకు మార్పించమనీ రాయించాడు. అక్కడితో ఆగిపోయింది. అత్త నా మొహంలోకి చూసి "అంతేనా?" అంది. చుట్టూ అందరూ చూస్తున్నారు. మిగతావాళ్ల మొగుళ్లు ఏదో ఒక ముక్క రాయించేవారు, దిగులుగా ఉందనో, జాగ్రత్తనో. నాకు అత్త మీద జాలేసింది. నిన్నే తలుచుకుంటున్నానని ఉందత్తా, అన్నాను. అత్త తల దించుకుంది. ఆ ఏడే మావయ్య అక్కడే జ్వరంతో పోయాడు.

అప్పటి నుంచి ప్రతి ఏడూ ఆయన తిథి నాడు అత్త ఆ ఉత్తరం తీసి నా చేతికి ఇస్తుంది. ఇంకెవరికీ ఇవ్వదు. నేను చదువుతాను. చివర లేని ముక్క కూడా చదువుతాను. పెళ్లయ్యాక, ఉద్యోగం వచ్చాక, తల నెరిశాక కూడా అదే ముక్క, అదే చోట.

ఈ ఏడు కాగితం మడతల దగ్గర విడిపోయింది. టెక్కలిలో ప్లాస్టిక్ వేస్తారట కదా, వేయించుకుని రమ్మని అత్త నాకిచ్చింది. ఒకసారి లామినేషన్ అయితే ఇక దాని మీద ఎవరూ ఏమీ రాయలేరు. నేను పోయాక ఇంకెవరైనా చదివితే ఆ ముక్క ఉండదు. ఆఫీసులో భోజనాల వేళ చిత్తుకాగితం మీద ఆ చేతిరాత అనుకరించి చూశాను. నా ఉద్యోగమే దొంగ సంతకాలు పట్టుకోవడం. చెయ్యి బాగానే తిరిగింది. భయమేసి, కలం మూసి, కాశీబుగ్గ బస్సెక్కాను.

అప్పటికి మాస్టారు మంచం మీదే ఉంటున్నారు. అంతా చెప్పాను. తిట్టలేదు. భూతద్దం తెప్పించుకుని ఉత్తరం రెండుసార్లు చదివారు. తర్వాత ఆయన అడిగింది నేను ఎన్నేళ్లుగానో చదువుతూ ఒక్కసారీ ఆలోచించనిది. "మీ ఊరికి సముద్రం తూర్పున. గాలివాన వచ్చేది అటునుంచే. మరి పడమటి వైపు ముందు మార్పించమన్నాడేటి?" నాకు తెలియదన్నాను. తనకీ తెలియదనీ, తెలిసిన మనిషి ఒక్కర్తే ఉందనీ, వెళ్లి అడగమనీ అన్నారు. దానికి ముందు నా ముక్క సంగతి ఆవిడకి చెప్పమన్నారు. చెప్పకుండా అడిగితే అది చరిత్ర కాదట.

అక్కుపల్లి వెళ్లేసరికి అత్త గుమ్మంలో నెత్తళ్ల చేపలు ఏరుతోంది. ఎదురుగా కూలబడి చెప్పేశాను. ఆవిడ చేతులు ఆగిపోయాయి. కోపం రాలేదని చెప్పను. "ఇన్నేళ్లు సెప్పడానికి నోరు రానేదేటే నీకు" అంది. కాసేపటికి, మిగతాదంతా ఆయనదేనా అని అడిగింది. ఆయనదే అన్నాను. పడమటి కప్పు మాటో? అదీ ఆయనదే అన్నాను. అప్పుడు మాస్టారి ప్రశ్న అడిగాను.

"ఆ యేడు నాను బాలింతని కాదేటే. పిల్లోడితో పడమటి గోడ కిందే పడుకునీదాన్ని. సంద్రం ఏపు కప్పు ఎగిరిపోతే పోనీగాని, మా మీద సినుకు పడకూడదని ఆయన బెంగ. ఆ ముక్క కాడే నాకు కడుపు నిండిపోనాది."

మరైతే అంతేనా అని ఎందుకు అడిగావత్తా అన్నాను. ఉత్తరం అయిపోతే ఎవరికి బాగుంటుంది, ఇంకాస్త ఉంటే బాగుణ్ణు అనిపించదా అంది. నాకు నవ్వూ ఏడుపూ కలిసే వచ్చాయి. ఇసకలో ఉన్న అంతమందిలో ఆ ఉత్తరం అర్థంకానిది చదివిన దానికొక్కదానికే. ఇకమీదట నా ముక్క చదవనులే అన్నాను. అత్త ఒప్పుకోలేదు. "ఒగ్గీడమేటి? ఇన్నేళ్లు ఇన్నాను. రాయి. నీ పేరెట్టి రాయి." అక్కడే పెన్సిలుతో, అటూ ఇటూ గీతలు పెట్టి, ఆ ముక్క రాసి కింద నా పేరు రాశాను. ఛాతీ మీంచి ఎవరో బియ్యం బస్తా దించినట్టయింది.

మర్నాడే ప్లాస్టిక్ వేయించి మాస్టారికి చూపించాను. పడమటి గోడ సంగతి విని కళ్లు మూసుకుని, భలే, భలే అనుకున్నారు. ఆ గీతల మీద వేలు పెట్టి చూసి, ఇది మంచి ప్రతి అన్నారు. నేను లేచి గుమ్మం దాటుతుంటే లోపలి నుంచి కేకేశారు. "మూడో మెట్టు సూసుకో." నేను ఆయన గొంతు వినడం అదే ఆఖరు.

ఫోన్ వచ్చిన రోజు నేను వెళ్లేసరికి అరుగు నిండా మనుషులు. క్లాసువాళ్లందరూ ఉన్నారు. పాస్టరుగారు నా దగ్గరికి వచ్చి, మొన్న మీరు వచ్చారట కదా, చివరగా ఏం చెప్పారని అడిగారు. అరుగంతా నా వైపు తిరిగింది. అచ్చం ఆ ఇసకలో తిరిగినట్టే. చదువు గురించో, మమ్మల్ని తలుచుకున్నారనో ఒక మంచి ముక్క నాలిక చివరిదాకా వచ్చింది. అమ్మగారు కూడా తలెత్తి చూస్తున్నారు.

"మూడో మెట్టు చూసుకోమన్నారు" అన్నాను.

"అంతేనా?" అన్నారు పాస్టరుగారు.

అంతే అన్నాను. పొద్దుటి నుంచి బిగబట్టుకున్న అమ్మగారు అప్పుడు బావురుమన్నారు.

మధ్యాహ్నం ఆయన్ని బయటికి తీసుకొచ్చారు. ముందు పట్టుకున్న ఇద్దరిలో పాస్టరుగారు ఒకరు. నలుగురూ మూడో మెట్టు దగ్గర ఒక్క క్షణం ఆగి, కిందికి చూసుకుని, అడుగు పెద్దది చేసి దాటారు. సుద్దగీత చెరగలేదు.